పేరు, తండ్రి పేరు, ఊరు

"మీ సినిమాల్లో ఎవరికీ పేరెందుకుండదు సార్?"

సూర్యాపేటలో మా ఇంటి ముందుగదిలో కూర్చుని, నేనిచ్చిన మంచినీళ్లు ఇంకా తాగకముందే ఆ అమ్మాయి అడిగిన మొదటి ప్రశ్న ఇది. పేరు మౌనిక. కోదాడ నుంచి బస్సులో వచ్చింది. భుజానికి కెమెరా సంచి, ఒళ్లో నోటుపుస్తకం. హైదరాబాదులో సినిమా తీయడం చదువుకుందట. పాదయాత్రల మీద, హక్కుల ఊరేగింపుల మీద నేను తీసిన డాక్యుమెంటరీలన్నీ చూసిందట. ఈ ప్రశ్న నన్ను చాలామందే అడిగారు. దానికి నా దగ్గర అరిగిపోయిన జవాబొకటి ఉంది. ఉద్యమంలో నడిచే మనిషి జనంలో ఒకడు, నా సినిమాలో జనమే పాత్ర, అందుకే పేర్లు వేయను అంటాను. సభల్లో ఈ మాటకు చప్పట్లు పడతాయి. ఒకాయన దీని మీద పెద్ద వ్యాసమే రాసి, ఇది నా శైలి అని తేల్చాడు. నేను కాదనలేదు. శాలువా కప్పుతుంటే ఎవరు కాదంటారు?

ఆ రోజు కూడా అదే జవాబు అప్పజెప్పాను. అమ్మాయి రాసుకోలేదు. పెన్ను మూత పెట్టేసి, "మా నాయనమ్మ పేరు సైదమ్మ సార్" అంది. "గరిడేపల్లి దగ్గర మీ ఊరే మాది కూడా. నాన్న చిన్నప్పుడే కోదాడ పక్కన అనంతగిరి వచ్చేశారు. కోదాడ నుంచి మిర్యాలగూడ దాకా ఒక పాదయాత్ర జరిగింది కదా, రెండు గ్లాసుల మీద. అందులో మా తాత నడిచాడంట. మీరే తీశారంట. ఆ క్యాసెట్ ఉందా సార్? మా ఇంట్లో తాత ఫొటో ఒక్కటి కూడా లేదు."

 వెతికి చెప్తానన్నాను. అబద్ధం. పక్కగది బీరువాలో, అడుగు అరలో, మా ఆవిడ పట్టుచీరల కింద, కలరా ఉండల వాసన మధ్య అదెక్కడుందో కళ్లు మూసుకుని తీయగలను. ఎన్ని ఇళ్లు మారినా దాన్ని వెంట తిప్పుకున్నాను, ఎన్నడూ బయట పెట్టలేదు. అమ్మాయి మంచినీళ్లు తాగి, నంబరు రాసిచ్చి వెళ్లిపోయింది. ఆమె తాగిన గ్లాసు సాయంత్రం దాకా బల్ల మీదే ఉంది. నేనే తీయలేదు.

నేను పెరిగింది మా పెదనాన్న ఇంట్లో. మా నాన్న నాకు ఊహ తెలియకముందే పోయాడు. సాగర్ కాలువ కింద రెండు పంటలు పండే ఊరు మాది, పెదనాన్నది ఊళ్లో పెద్ద సేద్యం. తెల్లవారుజామున పత్తికట్టె పొగ వాసనతో ఆ ఇల్లు నిద్రలేచేది. పెరట్లో రాగి కాగులో నీళ్లు కాగుతుండేవి. మా నాయనమ్మ నడవలో కూర్చుని చల్ల చిలుకుతూ, కవ్వం చప్పుడుకు తగ్గట్టు ఎవరో ఒకరిని తిడుతూ ఉండేది. పెదనాన్న స్నానం చేసి, తెల్ల బనీనుతో అరుగు మీదికి వచ్చి చుట్ట వెలిగించాడంటే ఊరికి పొద్దు పొడిచినట్టే. మెత్తటి మనిషి. నన్ను ఒక్క దెబ్బ కొట్టి ఎరుగడు. కాలువలో నా పొట్ట కింద అరచెయ్యి పెట్టి ఈత నేర్పాడు. ఏడో తరగతిలో నాకు కామెర్లు వస్తే మిర్యాలగూడ దవాఖానలో తొమ్మిది రోజులు నా మంచం పక్కన కింద చాప మీద పడుకున్నాడు. పాల మీద మీగడ ఎన్నడూ ఆయన తినలేదు, చెంచాతో తీసి నా గిన్నెలో వేసేవాడు. ఇవన్నీ ఎందుకు చెప్తున్నానంటే, తర్వాత చెప్పబోయేది కూడా ఆయన గురించే.

ఆయనకొక అలవాటుండేది. అరుగు ముందునుంచి ఎవరు పోయినా ఆపి, "ఎవరి కొడుకువు రా?" అని అడిగేవాడు. తండ్రి పేరు చెప్తే చాలు, వాళ్ల తాత ఎవరి దగ్గర జీతమున్నాడో, ఏ చెలక కౌలు చేశాడో, మేనమామ ఏ ఊరో మొత్తం వల్లించేవాడు. ఊరంతా ఆయన నోట్లోనే ఉండేది. మాకదొక వినోదం. చుట్టాలు వస్తే కావాలని ఎవరినో ఒకరిని ఆపించి చెప్పించుకునేవాళ్లం.

సైదమ్మ ఆ ఇంట్లో పనిచేసేది. ఇంట్లో అనకూడదు. దొడ్లో. ఊరి బయటి వాడ నుంచి పొద్దున్నే వచ్చి కొట్టం ఊడ్చేది, పేడ ఎత్తేది, మధ్యాహ్నం మా భోజనాలయ్యాక నీళ్ల గోలెం పక్కన కూర్చుని చింతపండు, బూడిద పెట్టి అంట్లు తోమేది. ఆ వాడను మేము అప్పట్లో ఏ మాటతో పిలిచేవాళ్లమో ఇక్కడ రాయను. తోమిన గిన్నెల మీద పెద్దమ్మ పైనుంచి చెంబుతో నీళ్లు పోసి, అప్పుడు లోపలికి తెచ్చుకునేది. సైదమ్మ చల్ల తాగే సత్తు గిన్నె ప్రహరీ గోడ మీద బోర్లించి ఉండేది. దాన్ని ఆమె తప్ప ఎవరూ ముట్టేవాళ్లు కాదు. ఆమె మొగుడు ముత్తయ్య మా చెలకలో కొంత కౌలుకు చేసుకుంటూ మిగతా రోజుల్లో మా పొలాలకు నీళ్లు కట్టేవాడు. నాకంటే పదిహేనేళ్లు పెద్ద. నేను నిక్కర్లేసుకునే వయసు నుంచీ అతన్ని "ఏం రా ముత్తిగా" అనే పిలిచాను. అతను "చిన్నపటేలా" అనేవాడు. అది తప్పని నాకు ఎవరూ చెప్పలేదు, నాకై నాకూ తోచలేదు.

డిగ్రీ తప్పి ఖాళీగా తిరుగుతున్నప్పుడు సూర్యాపేట పాత బస్టాండు దగ్గర ఖాసిం భాయ్ స్టూడియోలో చేరాను. పెండ్లిళ్ల వీడియోలు తీయడం అక్కడే నేర్చుకున్నాను. భుజం మీద రోటిబండంత కెమెరా, వెనక వైరు పట్టుకుని ఒకడు, ముందు కళ్లు మండించే లైటు. ఖాసిం భాయ్ పనిలో గట్టివాడు. ఆయన పెట్టిన నియమం ఒకటి మా స్టూడియో గుర్తు అయిపోయింది. పెండ్లికొచ్చిన ప్రతి పెద్దమనిషిని కెమెరా ముందు నిలబెట్టి పేరు, తండ్రి పేరు, ఊరు చెప్పించాలి. "పదేండ్లయినంక క్యాసెట్ ఏసుకుంటరు బేటా. గీ ముసలాయన ఎవరంటె ఎవలకు యాదుంటది? ముఖం ఒక్కటే తీస్తె సగం పనే" అనేవాడు. ఇంకోటి కూడా చెప్పాడు. "కెమెరా ముందటికొచ్చినోడు ఎవడైనా గానీ, మీరు అనాలె. గప్పుడు మంచిగ నిలవడి గట్టిగ చెప్తడు." మైకు నాసిరకంది, గట్టిగా చెప్పకపోతే అందుకునేది కాదు. పెదనాన్నకు మాత్రం నా పని చిన్నతనంగా ఉండేది. "పెండ్లిళ్ల పొంట లైటు పట్టుకొని తిరుగుడు గూడ ఒక కొలువా రా" అని నవ్వేవాడు. ఆ నవ్వు నాకు లోపల్లోపల తెగ గుచ్చుకునేది.

ఒక ఆషాఢంలో, ముహూర్తాలు లేక స్టూడియోలో ఈగలు తోలుకుంటున్నప్పుడు, నాకు హైస్కూల్లో తెలుగు చెప్పిన సారు వచ్చాడు. ఊళ్ల హోటళ్లలో రెండు రకాల గ్లాసులుండేవి అప్పుడు. వాడవాళ్ల గ్లాసులు చూరులో గుచ్చి ఉండేవి. వాళ్లే తీసుకుని, దూరంగా కూర్చుని తాగి, కడిగి మళ్లీ అక్కడే పెట్టాలి. అది పోవాలనీ, నాట్ల కూలి పెంచాలనీ కోదాడ నుంచి మిర్యాలగూడకు నాలుగు రోజుల పాదయాత్ర పెట్టుకున్నారు. దాన్ని సినిమాగా తీసిపెట్టమని సారు అడిగాడు. ఖాసిం భాయ్ మారు మాట్లాడకుండా కెమెరా తీసి నా చేతిలో పెట్టాడు.

ఆ నాలుగు రోజులు నా జీవితంలో మంచి రోజులని ఇప్పటికీ అనిపిస్తుంది, అలా అనిపించడానికి సిగ్గు పడుతూనే. కోదాడలో బయలుదేరినప్పుడు వంద మంది లేరు. హుజూర్‌నగర్ దాటేసరికి రోడ్డు నిండింది. డప్పులు, జెండాలు, చద్దన్నం మూటలు, పిల్లల్ని చంకనేసుకున్న ఆడవాళ్లు. వాన వస్తే నేను కెమెరాను నా చొక్కాలో చుట్టి బనీను మీద నడిచేవాణ్ని. డాక్యుమెంటరీ అంటే ఏమిటో నాకు తెలియదు. నాకు తెలిసింది పెండ్లి తీయడం. అందుకే పెండ్లి తీసినట్టే తీశాను. నడిచేవాళ్లను ఒక్కొక్కరినీ రోడ్డు పక్కకు పిలిచి, ఖాసిం భాయ్ నేర్పినట్టు, "మీ పేరు, తండ్రి పేరు, ఊరు చెప్పండి" అన్నాను. మొదట సిగ్గుపడ్డారు, తర్వాత వరుస కట్టారు. తల దువ్వుకుని, రుమాలు సర్దుకుని వచ్చారు. కొందరు తాత పేరు కూడా చెప్పారు.

మూడో రోజు గరిడేపల్లి దగ్గర మా ఊరివాళ్లు పదకొండు మంది కలిశారు. వాళ్లలో ముత్తయ్య ఉన్నాడు. నన్ను చూసి రుమాలు తీయబోయి ఆగాడు. నా నోట్లోంచి అలవాటు కొద్దీ స్టూడియో మాటే వచ్చింది. "మీ పేరు చెప్పండి. గట్టిగా చెప్పండి, మైకు అందుకోదు." అతను వెంటనే చెప్పలేదు. నా వెనక ఇంకెవరైనా ఉన్నారేమో అన్నట్టు అటూ ఇటూ చూశాడు. పుట్టి బుద్ధెరిగి మా ఇంటి మనిషి నోట "మీరు" అనే మాట అతను అప్పుడే విన్నాడు. తర్వాత నిటారుగా నిలబడి, కెమెరాలోకి సూటిగా చూస్తూ, "నా పేరు ముత్తయ్య. మా నాయిన పేరు రాములు" అని ఊరి పేరుతో సహా గట్టిగా చెప్పాడు. చెప్పి నవ్వాడు. ఆ గౌరవం నాది కాదనీ, అది పని నేర్పిన నోటివాటమనీ అతనికి తెలియదు. నాలుగో రోజు సాయంత్రం మిర్యాలగూడ చేరేసరికి ఉప్పుడు బియ్యం మిల్లుల నుంచి వడ్లు ఉడికే వాసన రోడ్డంతా కమ్ముకుని ఉంది. నడిచి నడిచి ఆకలితో ఉన్న జనం ఆ వాసనకు ఒకరినొకరు చూసుకుని నవ్వుకున్నారు. అది కూడా క్యాసెట్‌లో ఉంది. వాసన లేదు, నవ్వులున్నాయి.

క్యాసెట్ తయారయ్యాక ఒకసారి పూర్తిగా వేసి చూసుకోవాలి. స్టూడియోలో క్యాసెట్లు ఆడించే డెక్కు ఎవరో కిరాయికి తీసుకుపోయారు. రెండు రోజులాగితే వచ్చేదే. కానీ మా పెదనాన్న ఇంట్లో కలర్ టీవీ, డెక్కు రెండూ ఉన్నాయి. నేను ఆగలేదు. నిజం చెప్పాలంటే డెక్కు ఒక సాకు. లైటు పట్టుకుని తిరిగేవాడు ఏం తీశాడో పెదనాన్న చూడాలి. నాకదే కావాలి. ఆయనేమంటాడో అన్న ఆలోచన నా బుర్రలోకి రాలేదంటే ఎవరూ నమ్మరు, కానీ రాలేదు. పాదయాత్ర గురించి కాదు, నా ఫ్రేముల గురించే ఆలోచించాను.

ఆదివారం మధ్యాహ్నం. భోజనాలయ్యాయి. నడింట్లో టీవీ దొడ్డివైపు కిటికీ పక్కన ఉండేది, యాంటెన్నా వైరు ఆ కిటికీలోంచే వచ్చేది కాబట్టి. పెదనాన్న పడక కుర్చీలో వాలి చూశాడు. గంటన్నర కదల్లేదు. అయిపోయాక, "మంచిగ తీసినవ్ రా" అన్నాడు. నా భుజం మీద చెయ్యి వేశాడు. ఆ చెయ్యి బరువు నాకిప్పటికీ తెలుస్తుంది. అంతటితో నేను క్యాసెట్ తీసుకుని బస్సెక్కి ఉంటే బాగుండేది. ఆయన జీతగాణ్ని పంపి ఊళ్లో నలుగురు పెద్ద రైతుల్ని పిలిపించాడు. "మా పిలగాడు సినిమా తీసిండు, సూడుండ్రి" అన్నాడు. చాయ్‌లొచ్చాయి. "మళ్ల మొదటికెల్లి పెట్టు" అన్నాడు.

పెట్టాను. మా పక్క ఊళ్లవాళ్ల ముఖాలు వచ్చినప్పుడు ఎవరూ ఏమీ అనలేదు. మా ఊరివాళ్ల పేర్లు మొదలయ్యాక పెదనాన్న వేలెత్తి, "గక్కడ ఆపు" అన్నాడు. ఆపాను. తెర మీద మనిషి నోరు తెరిచి వణుకుతూ నిలిచిపోయాడు. "గీడు పలానా వాని కొడుకు. నీ దగ్గరనే గద జీతం?" అని ఒక రైతు వైపు తిరిగాడు. "ఇగ నడిపియ్." నడిపించాను. "ఆపు." ఆపాను. ఆయన జ్ఞాపకశక్తికి రైతులు ఎప్పటిలాగే తల ఊపుతున్నారు. రెండో పేరు దాకా నేను కూడా వినోదంగానే ఉన్నాను. నాలుగో పేరుకు నాకు అర్థమైంది. నాలుగో పేరు ముత్తయ్యది. "మనోడు గూడనా" అన్నాడు పెదనాన్న, కోపంగా కాదు, కొంచెం నొచ్చుకున్నట్టు. "ఇంకోసారి ఇననీ." వెనక్కి తిప్పి మళ్లీ వినిపించాను. గట్టిగా, స్పష్టంగా చెప్పాడు ముత్తయ్య. నేను చెప్పమన్నట్టే.

వైరు పీకేయొచ్చు. టేపు చిక్కుకుందని చెప్పొచ్చు. చేతిలో రిమోటు ఉంది. ఇంకా ఏడు పేర్లున్నాయి. ఏడింటికీ ఆపాను, ఏడింటికీ నడిపించాను. ఎందుకంటే ఆయన చెయ్యి ఇందాక నా భుజం మీద పడింది. అంతకంటే పెద్ద కారణం వెతికితే దొరకలేదు నాకు, ఇన్నేళ్లలో.

ఎవరూ ఎవరినీ కొట్టలేదు. ఒక్క మాట అనలేదు. కాలువకు నీళ్లొదిలారు, నాట్లు మొదలయ్యాయి. ఆ పదకొండు ఇళ్ల నుంచి ఒక్కరినీ ఎవరూ పనికి పిలవలేదు, అంతే. ముత్తయ్య చేసే కౌలు చెలక వేరేవాళ్లకు ఇచ్చారు. సైదమ్మను రేపటి నుంచి రావద్దన్నారు. ఒక రోజు నేను ఊరికి పోయేసరికి ప్రహరీ గోడ మీద సత్తు గిన్నె లేదు. వాళ్లిద్దరూ పిల్లల్ని తీసుకుని కోదాడ వైపు పోయారని పెద్దమ్మ చెప్పింది, అనంతగిరి దగ్గర రాళ్ల క్వారీలో పని దొరికిందట. నాలుగైదేళ్లకు ముత్తయ్య దగ్గుతో పోయాడని ఎవరో చెప్పగా విన్నాను. విని, అన్నం తిన్నాను.

ఆ నాట్ల రోజుల్లోనే సారు నా దగ్గరికి వచ్చాడు. పనికి పిలవకుండా వెలివేశారని ఆఫీసరుకు అర్జీ పెడుతున్నారు, వీళ్లు పాదయాత్రలో నడిచారనడానికి క్యాసెట్ కావాలన్నాడు. "డెక్కులో చిక్కుకొని తెగిపోయింది సార్" అన్నాను. పెదనాన్న పేరు అర్జీలో మొదటిదని నాకు తెలుసు. సారు నన్ను ఒక్క క్షణం కూడా అనుమానించలేదు. "పోనీ తియ్, కష్టపడి తీసినవ్, నీకే ఎక్కువ బాధ ఉంటది" అని నన్నే ఓదార్చి వెళ్లాడు. ఖాసిం భాయ్‌కి మాత్రం అబద్ధం చెప్పలేకపోయాను. ఆయన లెన్సు తుడుస్తూ విన్నాడు. "యాదుండాలని చెప్పిచ్చమన్న బేటా. గిందుకు గాదు" అన్నాడు. ఆ వారమే స్టూడియో మానేసి హైదరాబాదు పోయాను.

అక్కడ నేను పెద్దవాణ్నయ్యాను. ఎక్కడ జనం నడిస్తే అక్కడికి కెమెరా తీసుకుని పోయాను. ఎవరినీ పేరడగలేదు. కాళ్లు తీశాను, చేతులు తీశాను, దుమ్ము తీశాను, దూరం నుంచి తీశాను. కెమెరా జనం పక్షాన నిలబడాలని పిల్లలకు పాఠాలు చెప్పాను. వాళ్లను కాపాడుతున్నానని అనుకునేవాణ్ని. వయసు మళ్లాక సూర్యాపేటకే తిరిగొచ్చాను. ఇప్పుడు పాదయాత్రల్లో ప్రతి చేతిలో ఫోనుంది. నడిచేవాళ్లే తీసుకుంటున్నారు, పోలీసులూ తీస్తున్నారు. ముఖానికి గుడ్డ కట్టుకొమ్మని పిల్లలే ఒకరికొకరు చెప్పుకుంటున్నారు. నేను ఆ రోజు చేసింది ఏమిటో వాళ్లకు ఎవరూ నేర్పకుండానే తెలుసు. మా ఊరి హోటల్లో ఇప్పుడు అందరికీ కాగితం కప్పులే. రెండు గ్లాసుల గొడవ చివరికి తీర్చింది మా సినిమా కాదు, ఆ కప్పు. ఆ హోటలు ముందే బస్సు షెల్టరు ఉంది, పెదనాన్న పోయాక ఆయన కొడుకులు, మా అన్నలు కట్టించారు. దాని మీద పెదనాన్న పేరు మూరెడు అక్షరాలతో ఉంది. ముత్తయ్య పేరు మాత్రం నా బీరువాలో చీరల కింద.

మౌనిక వచ్చి వెళ్లిన వారానికి క్యాసెట్‌ను హైదరాబాదు పంపించి కంప్యూటర్‌లోకి ఎక్కించాను. ఆ అమ్మాయికి ఫోన్ చేశాను. సూర్యాపేట రమ్మనలేదు. నేనే అనంతగిరి పోయాను.

రెండు గదుల స్లాబు ఇల్లు. వాకిట్లో మిరపకాయలు ఆరబోసి ఉన్నాయి, ఆ ఘాటుకు గడపలోనే దగ్గొచ్చింది. సైదమ్మ గోడకానుకుని మంచం మీద కూర్చుని ఉంది. డెబ్బై దాటి ఉంటుంది. కంటి ఆపరేషన్ అయింది, నల్ల అద్దాలు పెట్టుకుంది. "మంచిగున్నవా?" అని అడిగింది. చిన్నపటేలా అన్న మాట లేదు. నాకూ ఆమెను ఏమని పిలవాలో తెలియలేదు. మౌనిక స్టీలు గ్లాసుల్లో చాయ్ తెచ్చింది. మూడూ ఒకే రకం గ్లాసులు. ఒక మూల ఆమె కెమెరా స్టాండు మీద నిలబెట్టి ఉంది, ఎర్ర దీపం వెలుగుతోంది.

 "అమ్మా, ఆ క్యాసెట్ మా పెదనాన్నకు చూపించింది నేనే" అన్నాను.

"ఎరుకే" అంది సైదమ్మ.

మౌనిక తలెత్తి నాయనమ్మను చూసింది. ఈ సంగతి ఆ అమ్మాయికి తెలియదని అర్థమైంది.

"కిటికి పక్కపొంటి గద గోలెం ఉండె. అంట్లు తోముతున్న గప్పుడు" అంది సైదమ్మ. "ముందుగాల ఇన్నప్పుడు సంబరమైంది. చేతుల బూడిద చేతులనే ఉంది, లేసి నిలవడ్డ. మా ఆయన గొంతు మీ నడింట్ల ఇనవడ్డది. జల్మల ఆ గడప తొక్కలే ఆయన. గొంతు వోయింది లోపలికి. మల్ల రెండోపారి ఏసిండ్రు. ఆపుతున్నరు, ఏస్తున్నరు. గప్పుడు సమజైంది. కూసోని మిగిలిన గిన్నెలు తోమిన."

  ఎవరికీ తెలియదని ఇన్నేళ్లూ నేను మోసిన ముల్లె ఆమె ఆ మధ్యాహ్నం నుంచే మోస్తోంది.

"నాట్లకు పిలుస్తలేరని మా ఆయన శాన పరేషానయిండు" అంది మళ్లీ. "ఎందుకైతుందే, ఎవడు చెప్పిండే అని దినాం అడుగుతుండె. నేను చెప్పలే. టీవీల నీ పేరు ఇన్నరని చెప్తె, నా నోటితోనే చెప్పుకుంటి గద అని కుములుతడు. పేరు చెప్పిన నాడు ఇంటికొచ్చి ఎంత మురిసిండో నేను సూసిన. పటేలు కొడుకు నన్ను మీరన్నడే అని రెండు దినాలు చెప్పిండు. ఆ ముచ్చట ఖరాబు చేసుడెందుకని చెప్పలే. సచ్చేదాక చెప్పలే."

చాయ్ మీద మీగడ కట్టింది. మౌనిక లాప్‌టాప్ తెచ్చి ప్లాస్టిక్ కుర్చీ మీద పెట్టింది. సైదమ్మ నల్లద్దాలు తీసి కొంగుతో కళ్లు తుడుచుకుంది. "నేనిన్న గంతే, సూడలే. పెట్టు" అంది. నేను చెయ్యి ముందుకు చాపితే, "నువ్వొద్దు. నా మనవరాలు పెడతది. నడుమ ఆపొద్దు" అంది.

మా ఊరివాళ్లు వచ్చారు. నా పాత గొంతు, పాతికేళ్లు కూడా నిండని గొంతు, గట్టిగా చెప్పండి, మైకు అందుకోదు అంటోంది. ముత్తయ్య అటూ ఇటూ చూశాడు. నిటారుగా నిలబడ్డాడు. పేరు, తండ్రి పేరు, ఊరు చెప్పాడు. నవ్వాడు. ఎవరూ ఆపలేదు. అతని వెనక ఐదో మనిషి వచ్చాడు, ఆరో మనిషి వచ్చింది. డప్పులు పోయాయి, జెండాలు పోయాయి, మిర్యాలగూడ మిల్లుల రోడ్డు వచ్చింది. చివరి దాకా సైదమ్మ ఏడవలేదు. అయిపోయాక, "మీసాలున్నయ్ గప్పుడు. నేను మరిసిన" అంది మనవరాలితో.

మౌనిక స్టాండు మీది కెమెరాను నా వైపు తిప్పింది. "ఇప్పుడు మీరు సార్" అంది. ఏం చెప్పాలో నాకు చెప్పక్కర్లేదు. ఆ వరుస నేను వందల మంది చేత చెప్పించాను.

"నా పేరు నర్సిరెడ్డి. మా నాన్న పేరు వెంకట్రెడ్డి." ఊరు చెప్పాను. తర్వాత ఆ ఆదివారం మధ్యాహ్నం ఏం జరిగిందో, నాలుగో పేరుకు నాకేం తెలిసిందో, సారుకు ఏం అబద్ధం ఆడానో మొత్తం చెప్పాను. చెప్పి ఊపిరి పీల్చుకున్నాను. అయిపోయిందనుకున్నాను.

"పెదనాయిన పేరు చెప్పలే" అంది సైదమ్మ.

నిజమే. ఇంతసేపూ పెదనాన్న, పెదనాన్న అనే అన్నాను. ఈ నాలుగు పుటల్లో కూడా అలాగే రాసుకుంటూ వచ్చాను. ముత్తయ్య పేరు ఎన్నిసార్లో రాశాను, అతని తండ్రి పేరూ రాశాను, ఆయన పేరు రాయడానికి చెయ్యి రాలేదు. పొట్ట కింద అరచెయ్యి పెట్టి ఈత నేర్పినవాడు. దవాఖానలో చాప మీద పడుకున్నవాడు. మా అన్నలు ఈ సినిమా చూస్తారు. ఇక ఆ ఇంటి గడప నేను తొక్కేది ఉండదు.

ఎర్ర దీపం వెలుగుతూనే ఉంది. నేను గొంతు సవరించుకుని చెప్పాను. నాకే సరిగా వినపడలేదు.

"గట్టిగ చెప్పు" అంది సైదమ్మ. "అందదు."

"మా పెదనాన్న పేరు లింగారెడ్డి" అన్నాను.